నీడలు లాగిన వేసవి

రెక్కలున్న యంత్రం ఎగరదని పెద్ద పెద్ద చదువులు చదివినవాళ్లంతా అప్పటికే తేల్చేశారు. కాదని ప్రయత్నించినవాళ్లు కాళ్లు విరగ్గొట్టుకుని ఇళ్లలో కూర్చున్నారు. అందుకే మా యుద్ధం బెలూన్లతో జరిగింది. బెలూనుకు గాలే గుర్రం, గాలే కళ్లెం. ఎండలు ముదిరాక, మధ్యాహ్నం దాటితే చాలు, నది అవతలి నుంచి మా వైపు గాలి తిరిగేది. వానలు పడేదాకా అది వాళ్ల కాలం. ఆ తరువాత గాలి అటు మళ్లేది, అది మా కాలం. వంతులు వేసుకుని కొట్టుకున్నట్టు ఉండేది. ఇప్పటి పిల్లలకు చెబితే నవ్వుతారు. కింద ఉన్నవాళ్లకు నవ్వొచ్చేది కాదు. వాళ్లు చప్పుడు లేకుండా తేలివచ్చి, నిప్పు పీపాలు జారవిడిచి, ఇంకా పైకి లేచి, అక్కడ వెనక్కి వీచే గాలిని పట్టుకుని ఇంటికి పోయేవాళ్లు. మబ్బులు వస్తున్నాయి అనుకునేలోపు ఇళ్లు అంటుకునేవి.

మాది నాటకాల తెరలు రాసే ఇల్లు. రాజభవనం, అడవి, సముద్రం, ఏది కావాలన్నా మా వసారాలో గుడ్డ పరిచి రాసేవాళ్లం. పెద్ద చెయ్యి తాతది. ఆయన కళ్లకు పొర కమ్మాక ఆ చెయ్యి నాన్నదైంది. అమ్మ గుడ్డలు కుట్టేది. రంగులు కలపడం నా పని. అప్పటికి నాకు పదహారేళ్లు. ఒంటిమీద కండ లేదని అందరూ పిచ్చుక అని పిలిచేవాళ్లు.

అంతకు ముందు ఇంట్లో ఇంకో చెయ్యి ఉండేది. అది మా బాబాయిది, ఎడమ చెయ్యి. తాత నీడల్ని నీలంతో రాయించేవాడు. నీడ దగ్గరికి మసిని రానిచ్చేవాడు కాదు. "నీడంటే నలుపు కాదురా. వెలుతురు లేచిపోయిన చోట ఆకాశం వచ్చి కూర్చుంటుంది" అనేవాడు. ఒకరోజు బాబాయి కుంచె కింద పెట్టేసి, "మీ నీలం నాకు కనిపించడం లేదు నాన్నా. ఎంత చూసినా కనిపించడం లేదు. కనిపించనిది ఎందుకు రాయాలి?" అన్నాడు. మాటకు మాట పెరిగింది. "కనిపించనివాడికి ఈ ఇంట్లో పనేంటి?" అని తాత అన్నాడు. బాబాయి ఆ మాట పట్టుకుని నది దాటి, అవతలి నాటకశాలలో పనికి కుదిరాడు. తరువాత యుద్ధమొచ్చింది, వంతెన మూసేశారు. ఇంట్లో అతని ఊసెత్తేవాళ్లు లేరు. అమ్మ మాత్రం అప్పుడప్పుడూ అతని కుంచెలు తీసి, నూనె రాసి, ఎండలో పెట్టి మళ్లీ కట్టేది. ఎందుకమ్మా అంటే, "పురుగు పడితే ఎవడు కొంటాడు కొత్తవి?" అనేది.

ఆ వేసవి మొదట్లో ఊరి కాపలా సైన్యం కెప్టెన్ గారు మా వసారాలోకి వచ్చారు. ఎండకు మొహం కందిపోయి ఉంది. కూర్చోమన్నా కూర్చోలేదు.

"ఒక ఊరు కావాలి" అన్నారు.

"వీధి తెరా? ఎంత వెడల్పుండాలి?" అని నాన్న అడిగాడు.

"తెర కాదండీ. ఊరు. కొండ అవతల బీడు ఉంది కదా, దానిమీద. మన ఊరు పైనుంచి ఎలా కనిపిస్తుందో అచ్చం అలాగే ఉండాలి. వాళ్లు దాన్ని చూసి ఇదే ఊరనుకోవాలి. మనం ఇవతల బతికిపోవాలి."

తాత మూలనుంచి గొంతు సవరించుకున్నాడు. "చూసేవాళ్లు ఎక్కడ కూర్చుంటారు?"

"పైన, పెద్దాయనా. ఆకాశంలో."

"టికెట్టు లేకుండానా?" అన్నాడు తాత. కెప్టెన్ గారు నవ్వారు. యుద్ధం మొదలయ్యాక తాత వేసిన మొదటి జోకు అది. మా అందరికీ పని దొరికినందుకు నాకు సంతోషంగా ఉంది. అది ఎలాంటి పనో తరువాత తెలిసింది.

ఆ బీడు మీద ఒక పాత సున్నపు బట్టీ తప్ప ఏమీ లేదు. రాతితో కట్టింది, పొగగొట్టం ఇంకా నిలబడే ఉంది. మా అసలు ఊళ్లో మందుగుండు ఫ్యాక్టరీకి అలాంటి గొట్టమే ఉంటుంది కాబట్టి బట్టీ ఫ్యాక్టరీ అయింది. దాని చుట్టూ మోకాలెత్తు కర్రచట్రాలు పాతి, వాటిమీద ఇళ్ల కప్పులు రాసిన గుడ్డలు బిగించాం. ఊరి చెరువును కూడా గుడ్డతోనే పరిచాం, జిగురు పూసి అభ్రకం పొడి చల్లాం. పొద్దున్నే వెళ్లి చూస్తే అది మెరుస్తూ ఉండేది. ఒక కాకి వచ్చి నీళ్లనుకుని ముక్కుతో పొడిచి, సిగ్గుపడి ఎగిరిపోయింది. నాటకశాలలు మూతపడి ఖాళీగా ఉన్న నటులంతా కూలికి వచ్చారు. వాళ్లలో ఎప్పుడూ రాజు వేషాలు వేసే ఆయన ఒకడు. మేమంతా రాజుగారూ అనే పిలిచేవాళ్లం. ఆయన గునపం పట్టుకున్నా కత్తి పట్టినట్టే పట్టేవాడు.

ఊరు పూర్తయ్యాక పైనుంచి ఎలా ఉందో చూడాలన్నారు కెప్టెన్ గారు. తాడు కట్టిన చిన్న బెలూను ఒకటి తెచ్చారు. అది బరువైన మనిషిని మోయదు. "నాలుగు మెతుకులు ఎక్కువ తినవే, గాలికి ఎగిరిపోతావు" అని అమ్మ రోజూ తిట్టేది. ఆ తిట్టు ఇన్నాళ్లకు పనికొచ్చింది.

పైకి వెళ్తుంటే మొదట చప్పుళ్లు సన్నబడ్డాయి. తరువాత అమ్మ మొహం, తరువాత అమ్మ. బుట్ట కదలడం లేదు, నేలే మెల్లగా కిందికి దిగిపోతున్నట్టుంది. భయం ఏమైపోయిందో తెలియదు. కొండకు ఇవతల మా ఊరు, అవతల మా ఊరు. రెండూ ఒకేసారి కనిపిస్తున్నాయి. ఒకదాంట్లో మా ఇల్లుంది, ఇంకోదాంట్లో మా ఇంటి కప్పు ఉంది. నాకు ఏడుపొచ్చింది, ఎందుకో చెప్పలేను, అంత అందంగా ఉంది.

కాసేపటికి కళ్లు తుడుచుకుని మళ్లీ చూశాను. ఏదో తేడా ఉంది. అసలు ఊళ్లో నీడలు తూర్పుకు సాగుతున్నాయి. సాయంత్రమవుతోంది కదా మరి. గుడ్డ ఊళ్లో నీడలన్నీ పడమరకు పడి ఉన్నాయి. ముదురు నీలంలో, తాత పద్ధతి ప్రకారం ఎంతో శ్రద్ధగా రాసిన నీడలు.

నాటకం తెరలో సూర్యుడు కదలడు. ఎప్పుడూ ఎడమవైపునుంచే వెలుగు. మా వంశంలో ఇంతవరకూ ఎవరూ సూర్యుణ్ణి కదిలించి రాయలేదు. కింద మా గుడ్డ ఊళ్లో పొద్దున్న తొమ్మిదయ్యాక ఇక పొద్దు కదలడం మానేసింది.

దిగాక చెబితే నాన్న నెత్తిమీద చెయ్యి పెట్టుకుని కట్టెల మీద కూలబడ్డాడు. "పెద్ద పెద్ద కొండలు రాసి, ఎండ రాయడం మర్చిపోయాం" అన్నాడు. కెప్టెన్ గారు తిట్టలేదు. అదింకా భయంగా ఉంది. తాతే అడిగాడు, "నీడల్ని విడిగా గుడ్డల్లో చేసి, తాడు కట్టి లాగితే?"

"రోజంతానా?" అని నాన్న అడిగాడు.

"సూర్యుడు లాగడం లేదా రోజంతా? వాడికేం కూలిస్తున్నారు?"

అలా మొదలైంది నీడలు లాగే పని. ఇంటికో నీడగుడ్డ. ఒక అంచు గోడ మొదట్లో మేకులు కొట్టి బిగించాం, రెండో అంచుకు తాళ్లు కట్టి, నాటకశాలలో తెరలెత్తే కప్పీలు తెచ్చి వాటిమీదుగా వేశాం. గంట కొడితే అందరం కలిసి లాగేవాళ్లం. ఊరంతా నీడలు ఒక్కసారి జరిగేవి. సాయంత్రమయ్యేకొద్దీ మడత విప్పి పొడవు పెంచేవాళ్లం. అమ్మ దండేల మీద బట్టలు ఆరేసేది, పొయ్యిల్లో పచ్చి ఆకులు వేసి పొగబెట్టేది. నిప్పు లేనిదే పొగ రాదంటారు. మాకు పొగతోపాటు ఊరు కూడా రావాలి. కొన్ని మధ్యాహ్నాలు పని లేనప్పుడు ఆ మోకాలెత్తు వీధుల్లో నడుస్తుంటే, నిద్రలో పెరిగిపోయి లేచి మా ఊళ్లోకే వచ్చినట్టుండేది. మా ఇంటి కప్పు పక్కన కూర్చుని, దానిమీద చెయ్యి వేసి, ఎండకు కాలుతోందని తీసేసేదాన్ని. యుద్ధం మాట మర్చిపోయేదాన్ని. ఇప్పటికీ వేసవి అంటే నాకు ఆ నీడలు జరిగిన చప్పుడే గుర్తొస్తుంది, గరుకు గుడ్డ మట్టిమీద జారే చప్పుడు.

ఒకరోజు కెప్టెన్ గారు గబగబా వచ్చారు. వాళ్ల బెలూను ఒకటి చిరిగి మనవైపు పడిందట. దొరికినవాడు ఒక సంగతి చెప్పాడట.

"ముందు నడిచే బెలూన్లో వాళ్లు ఒక తెరలు రాసేవాణ్ణి కూర్చోబెడుతున్నారు. ఏది ఇల్లో, ఏది గుడ్డో అతను చూసి చెబుతాడు. జెండా ఊపితే వెనకవాళ్లు పీపాలు వదులుతారు, అతను జెండా ఎత్తి పట్టుకుని దాటిన చోటును మాత్రం ముట్టుకోరు. వేరే చోట ఇలాంటి ఊరే కట్టారు మనవాళ్లు. అతను ఒక్క చూపుకు పట్టేశాడట. ఎడమచేతి వాటం మనిషట. మీ పనివాళ్లలో అలాంటివాడు ఎవరైనా తెలుసా?"

నాన్న చేతిలోని తాడు ముడి విప్పాడు. "ఉన్నాడు. మంచి కన్ను" అన్నాడు. తన తమ్ముడని చెప్పలేదు. కెప్టెన్ గారు వెళ్లాక నావైపు చూడకుండానే, "నీడలకు నీలం వద్దు. ఎర్రమట్టీ మసీ కలుపు. తాతకు చెప్పకు" అన్నాడు.

నీలం చూస్తే బాబాయి ఇట్టే గుర్తుపడతాడు. ఇది మా ఇంటి చెయ్యి, అంటే ఇది గుడ్డ అని తెలిసిపోతుంది. అతను ఒక్క మాటంటే చాలు. బెలూన్లు ఆగకుండా కొండ దాటి అసలు ఊరి మీదికి పోతాయి. అందుకని మట్టిరంగు. అది సబబే. నేను కలిపాను. నీడలన్నీ మళ్లీ రాశాం.

కానీ రాత్రుళ్లు నాకు నిద్ర పట్టేది కాదు. బెలూన్లు నెత్తిమీదికి వచ్చేదాకా నీడలు లాగుతూనే ఉండాలి, లేకపోతే దుర్భిణిలో దొరికిపోతాం. ఆ తరువాత పరుగెత్తి దాక్కోవాలి. ఎక్కడ? బీడు కింద అంతా రాయి, మోకాలి లోతు దాటి గుంట తవ్వలేకపోయారు. రాతి గోడలున్నది బట్టీ ఒక్కటే. ఆ బట్టీనే మేం ఫ్యాక్టరీ చేసి పెట్టాం. వాళ్లు మొట్టమొదట వేసేది దానిమీదే. పీపా గొట్టంలోంచి పడిందంటే లోపల ఎవరూ మిగలరు. కింద ఉన్నది ఎవరో తెలియకుండానే బాబాయి జెండా ఊపుతాడు. తన తండ్రి మీద, అన్న మీద, కుంచెలకు నూనె రాసే వదిన మీద. నన్ను భుజాల మీద ఎక్కించుకుని తిప్పిన మనిషి అతను.

బట్టీకి సొంత నీడ ఉన్నా అది అసలు ఫ్యాక్టరీ నీడంత సాగదు కాబట్టి దానిమీద కూడా గుడ్డ నీడే పరవాలి, ఆ ఫ్యాక్టరీ నీడ అన్నిటికన్నా పొడుగైంది. అది అమ్మ దగ్గర ఇంకా కుట్టులోనే ఉంది. ఒక మధ్యాహ్నం నాన్న కొండమీదికి వెళ్లినప్పుడు నీలిమందు ఉన్న కుండ బయటికి తీశాను. ఊరంతా మట్టిరంగు, ఒక్క నీడ నీలం. చూసేవాడికి మేం ఎక్కడున్నామో తెలుస్తుంది. ఆ తరువాత ఏం చేస్తాడో అతని చేతిలో ఉంటుంది. ఊరినంతా ఒక్క మనిషి మంచితనం మీద పెట్టేస్తున్నానని నాకు తెలుసు. తెలిసే కలిపాను.

అమ్మ తలుపు దగ్గరికి వచ్చి నిలబడింది. కుండ చూసింది. నన్ను చూసింది.

"అమ్మా..."

"నేను కుట్టుకుంటున్నాను. తలెత్తే తీరిక లేదు నాకు" అంది. గుడ్డ నా ముందు పడేసి వెళ్లిపోయింది.

సాయంత్రం తాత పక్కన కూర్చుంటే ఆయన నా చెయ్యి పట్టుకుని దగ్గరికి లాక్కుని వాసన చూశాడు. ఇన్ని రోజులూ మట్టి, మసి. ఇవాళ నీలిమందు. తాతకు కళ్లు లేవు గానీ ముక్కుంది. మేం నీలం మానేశామని ఎప్పుడో తెలిసిపోయి ఉంటుంది. కెప్టెన్ గారి మాటలూ వినే ఉంటాడు.

"చేతులు కడుక్కో. మీ నాన్నకూ ముక్కుంది" అన్నాడు.

గాలి బలంగా తిరిగిన ఒక మధ్యాహ్నం కొండమీద ఎర్రజెండా లేచింది. వస్తున్నారు. మొదట నాకేమీ కనిపించలేదు. తరువాత నది మీదుగా తెల్లటి చుక్కలు, ఎంత మెల్లగా అంటే, కదులుతున్నాయో లేదో చెప్పలేం. అంతదాకా చుట్టి ఉంచిన ఫ్యాక్టరీ నీడను అమ్మా నేనూ అప్పుడు పరిచి తాళ్లు తగిలించాం, గంట దగ్గరున్న నాన్నకు బట్టీ అడ్డం. అమ్మ పొయ్యిలన్నిట్లో ఆకులు వేసి, తాతను బట్టీలోకి తీసుకెళ్లింది. మేం తాళ్ల దగ్గర చట్రాల కింద నక్కి కూర్చున్నాం. నాన్న గంట కొడుతున్నాడు. ఒకసారి, నీడలు జరిగాయి. ఇంకోసారి, జరిగాయి. చుక్కలు పండ్లంత అయ్యాయి, ఇళ్లంత అయ్యాయి. చప్పుడు లేదు. అంత ప్రశాంతంగా చావు రావచ్చని నేను అనుకోలేదు.

రెండో జెండా లేచింది. అందరూ బట్టీలోకి పరుగెత్తాలి. అప్పుడే చూశాను. ఫ్యాక్టరీ నీడ జరగలేదు. తాడు కప్పీలోంచి జారి ఇరుక్కుంది. ఊరి నీడలన్నీ ఒక వాలులో ఉంటే ఆ పెద్ద నీడ ఒక్కటే పాత వాలులో ఉంది. అలా వదిలేస్తే బాబాయే అక్కర్లేదు, గుడ్డివాడికైనా తెలిసిపోతుంది.

నేను గుడ్డ అంచు వెంట పాక్కుంటూ వెళ్లాను. నాన్న నన్ను పిలుస్తున్నాడు, ఆ గొంతు ఇంకా నా చెవుల్లో ఉంది. తాడు విడిపించాను. లాగాను. నా బరువుకు అది కదల్లేదు. పిచ్చుక ఎంత లాగితే ఏం లాభం? వెనకనుంచి ఎవరో పాక్కుంటూ వచ్చి తాడు అందుకున్నారు. రాజుగారు!

"వెళ్లిపోండి బాబూ, వచ్చేశారు!"

"ఇన్నేళ్లు రాజు వేషం వేసి ఇవాళ వెన్ను చూపిస్తే, ముందు వరసవాళ్లు నవ్వరూ? లాగు" అన్నాడు. పళ్లు టకటకా కొట్టుకుంటున్నాయి.

లాగాం. నీడ జరిగి సరిపోయింది. ఇక బట్టీ దాకా పరుగెత్తే వ్యవధి లేదు. ఇద్దరం ఆ నీడ కిందికే దూరిపోయాం.

లోపలంతా నీలంగా ఉంది. నా చేతులు నీలం, రాజుగారి మీసం నీలం. నీలిమందు వాసనకు ఊపిరి నిండిపోయింది. నేత సందుల్లోంచి పైకి చూస్తే ముందు బెలూను బాగా కిందికి దిగి మామీదికి వస్తోంది. బుట్టలో ముగ్గురున్నారు. ఒకడు దుర్భిణి కంటికి పెట్టుకుని కిందికి వంగాడు. వంగి అలాగే ఉండిపోయాడు. బుట్ట నీడ, నిజం నీడ, మా గుడ్డమీదుగా పాకింది. అది ఏ రంగో చూద్దామనుకున్నాను, కళ్లలో నీళ్లు నిండి చూడలేకపోయాను. అతను దుర్భిణి దించాడు. జెండా అందుకున్నాడు. ఎడమ చేత్తో.

జెండా పైకి లేచి ఆగింది. బాబాయ్ అని అరవాలనిపించింది. రాజుగారు నా నోరు మూశాడు. మమ్మల్ని దాటేదాకా ఆ జెండా అలాగే ఉండిపోయింది. దాటాక కిందికి దిగి ఊగింది.

తరువాత అంతా మంటలే. కప్పులు, వీధులు, అభ్రకం చెరువు, అమ్మ ఆరేసిన బట్టలు. మా ఇంటి కప్పు కాలడం చూశాను. గుడ్డే కదా అనుకున్నా, చూపు తిప్పుకోలేకపోయాను. బెలూన్లు పీపాలన్నీ ఖాళీ చేసుకుని, తేలికై, పైకి లేచి, తిరుగుగాలి పట్టుకుని వెళ్లిపోయాయి. ఒక్కటి కూడా కొండ దాటలేదు.

బాబాయి ఫ్యాక్టరీని ఎందుకు వదిలేశాడని వాళ్లు అడిగారో, మందుగుండు పేలితే మనకే ప్రమాదం అని ఏదైనా చెప్పాడో, తెలియదు. యుద్ధం ముగిసి వంతెన తెరిచాక నాన్న నది దాటి వెళ్లి వాకబు చేశాడు. ఆ ఎడమచేతి ఆయన్ను ఆ మరునాడే బుట్టలోంచి దింపి తీసుకెళ్లారని ఒకరు చెప్పారు. ఎక్కడికో ఎవరికీ తెలియదు. నాన్న ఆ మాట అమ్మకు చెప్పినప్పుడు అమ్మ కుంచెలకు నూనె రాస్తోంది. రాయడం ఆపలేదు.

కానీ అదంతా తరువాత. ఆ సాయంత్రం మంటలు చల్లారాక అందరూ బట్టీలోంచి బయటికి వచ్చారు. మసిబారిన కర్రలు పొగలు కక్కుతున్నాయి. నాన్న నన్ను పట్టుకుని గట్టిగా కుదిపి, కొట్టబోయి, కావలించుకున్నాడు. అప్పుడు నా వెనక పరిచి ఉన్న నీడ కనిపించింది ఆయనకు. నీలం. అమ్మవైపు చూశాడు. అమ్మ తలెత్తలేదు. నాన్న అక్కడే మట్టిలో కూర్చుని చిన్నపిల్లాడిలా ఏడ్చాడు.

తాత కర్ర వెతుక్కుంటూ నా దగ్గరికి వచ్చాడు. "ఏం మిగిలింది?"

"బట్టీ. దాని నీడ. చుట్టూ కాస్త నేల."

"చూపించు."

చెయ్యి పట్టుకుని కాలినదానికీ కాలనిదానికీ మధ్య అంచు వెంట నడిపించాను. ఆయన చెప్పులు వదిలేసి, ఒక కాలు వేడి బూడిదమీద, ఒక కాలు చల్లటి మట్టిమీద వేస్తూ నడిచాడు. బట్టీని చుట్టి వచ్చేదాకా ఆగలేదు. ఎక్కడా అంచు లోపలికి రాలేదు. చివరికి నీడగుడ్డ దగ్గర వంగి, దాన్ని గుప్పిట్లోకి తీసుకుని మొహానికి అద్దుకున్నాడు.

"కనిపించడం లేదన్నాడు వెధవ" అన్నాడు. మళ్లీ అన్నాడు, ఈసారి మెల్లగా, నాతో కాదు.

"కనిపించిందిరా నీకు."